ఆ మాట అమ్మ నోట

"కళ్ళజోడు పోతే పోయింది గానీ, చెంప మాత్రం గట్టిగానే పేల్చావే పిల్లా!" అంటూ లువీనియా వంటింటి నేల మీద చేతులతో తడుముకుంది.

మెర్లీన్ కుర్చీ పక్కన నిలబడి రొప్పుతోంది. కొట్టిన చెయ్యి ఇంకా దిగలేదు. అది తనది కానట్టు తనే దానికేసి చూసుకుంటోంది.

ఐడెల్లా గబగబా వచ్చి కళ్ళజోడు ఏరింది. ఒక అద్దం నిలువునా చీలింది, రెండోది పొయ్యి కిందికి దొర్లిపోయింది.

"ముందు సిస్టర్‌ లువీనియాకి క్షమాపణ చెప్పు."

"నేనెందుకు చెప్పాలి? ఆవిడ నా జుట్టు పట్టుకు లాగింది."

"లాగుతానని చెప్పే లాగింది కదే! అందుకే కదా నిన్ను కూర్చోబెట్టింది!"

"చెప్పి లాగితే నొప్పి పుట్టదా అమ్మా?"

లువీనియా చెంప రుద్దుకుంటూ లేచి నిలబడింది. ఆవిడ చర్చిలో ఆర్గన్ వాయిస్తుంది. తెల్లవాళ్ళ బడికెళ్ళే పిల్లల్ని ఎలా తయారుచెయ్యాలో నేర్చుకురమ్మని చర్చి పెద్దలు ఆవిడని వేసవిలో నగరానికి పంపారు. అక్కడ నేర్చుకున్నదే ఈ మూడు శనివారాలుగా ఐడెల్లా వంటింట్లో నేర్పుతోంది. జుట్టు సరిచేయించుకోడానికి వచ్చే ఆడవాళ్ళు కూర్చునే కుర్చీలో పిల్లని కూర్చోబెట్టడం, తొయ్యడం, తిట్టడం, తల మీద ఏదో ఒకటి ఒలకబొయ్యడం. పిల్ల చెయ్యాల్సిందల్లా ఒక్కటే. ఏమీ చెయ్యకుండా ఉండడం.

"ముప్ఫయ్యేళ్ళు కాపరం చేసినా మా ఆయన ఒక్కనాడు నా మీద చెయ్యెత్తలేదు. ఆయన ఆత్మ శాంతించుగాక! చివరికి పద్నాలుగేళ్ళ పిల్ల చేతిలో తిన్నాను" అని లువీనియా నవ్వింది. ఆ నవ్వు ఎక్కువసేపు నిలవలేదు. "మెర్లీన్, ఇలా చూడు. ఇది నా చెంప కాబట్టి సరిపోయింది. సోమవారం నాడు ఏ తెల్లపిల్ల చెంపో అయితే నిన్నొక్కదాన్ని ఇంటికి పంపి ఊరుకోరు. 'చూశారా వీళ్ళ బుద్ధి' అంటారు. మళ్ళీ కోర్టుకెళ్తారు. ఇన్నాళ్ళ పోరాటం నీ అరచేతి దెబ్బకి పోతుంది."

మెర్లీన్ పెదవి కొరుక్కుంది.

నల్లపిల్లలూ తెల్లపిల్లలూ ఒకే బడిలో చదవాలని దేశంలోని పెద్ద కోర్టు చెప్పి తొమ్మిదేళ్ళు దాటింది. ఆ మాట నడిచి నడిచి డన్‌మెర్ ఊరి దాకా వచ్చేసరికి ఇంత కాలం పట్టింది. తెల్లవాళ్ళ బడికి ఏడుగురు పిల్లల పేర్లు ఇచ్చారు. వాళ్ళలో ఒకరి తండ్రికి పని పోయింది. ఇంకొకరింటి కిటికీలు పగిలాయి. ఒక పిల్లని ఫిలడెల్ఫియాలో మేనత్త దగ్గరికి పంపేశారు. అలా ఒక్కొక్కరే తగ్గి, చివరికి మెకీవర్ వాళ్ళ ఆడపిల్లలిద్దరే మిగిలారు. ఈ మెర్లీన్, దాని చెల్లెలు జోనెల్.

మెర్లీన్ ఉంది కదా, చిన్నదాన్ని చూసుకుంటుందనే ధైర్యంతోనే ఐడెల్లా ఇన్నాళ్ళూ నిబ్బరంగా ఉంది. ఆ ధైర్యం ఇప్పుడు కళ్ళజోడుతో పాటు నేల మీద పడింది.

"జోనెల్, నువ్వు రా" అంది లువీనియా.

పదకొండేళ్ళ జోనెల్ గోడవార నుంచి వచ్చి కుర్చీలో కూర్చుంది. చేతులు ఒళ్ళో పెట్టుకుంది.

లువీనియా కళ్ళు చికిలించి చూసింది. "నావల్ల కాదు. ఎదురుగా ఉన్నది పిల్లో పొయ్యో తెలియడం లేదు నాకు. ఐడెల్లా, నువ్వే చెయ్యి."

"నేనా?"

"నువ్వే. తెల్లవాళ్ళు మనల్ని పిలిచే ఆ తిట్టు మాట కూడా అను. ఇన్ని వారాలూ మీ ఆయన మీది గౌరవం కొద్దీ దాన్ని తప్పించి తిట్టాను. వాళ్ళు ముందు అనేది అదే. పిల్ల విననిదేం కాదు. కానీ వీధి అవతల నుంచి వినడం వేరు, మొహంలో మొహం పెట్టి అంటుంటే వినడం వేరు."

ఆ మాట ఈ గడప దాటి లోపలికి రాకూడదని హోషియా పెళ్ళయిన కొత్తలోనే చెప్పాడు. పరాచికానికైనా సరే, కోపంలోనైనా సరే. పదిహేడేళ్ళలో రాలేదు.

ఐడెల్లా మజ్జిగ గ్లాసు చేతిలోకి తీసుకుంది. కూతురి ముందుకు వెళ్ళి వంగింది. జోనెల్ కనుబొమ్మ మీద మశూచి మచ్చ లాంటి చిన్న గుంట ఒకటుంది. నాలుగేళ్ళప్పుడు మెట్ల మీద పడితే తగిలిన దెబ్బ. ఐడెల్లా దాన్నే చూస్తూ ఆ మాట అంది.

మొదటిసారి నోట్లోంచి సగమే వచ్చింది.

"ఇంకా గట్టిగా" అంది లువీనియా.

రెండోసారి పూర్తిగా వచ్చింది. "నీకిక్కడేం పనే? మీ గుడిసెలకి పో!" అని కూడా చేర్చింది. మూడోసారి ఆ మాట తేలిగ్గా వచ్చింది. అంత తేలిగ్గా వచ్చినందుకు ఐడెల్లాకి తన మీద తనకే భయమేసింది. అయినా ఆగలేదు. గ్లాసెత్తి కూతురి తల మీద కుమ్మరించింది.

మజ్జిగ జడల మీంచి మెడ మీదికి, మెడ మీంచి గౌనులోకి కారింది. జోనెల్ కదల్లేదు. కళ్ళార్పలేదు. ఏడవలేదు. మొహంలో ఏమీ లేదు, దీపం తీసేసిన గదిలా ఉంది.

ఈ మొహం ఎక్కడో చూశానే అనుకుంది ఐడెల్లా.

"ఇంకొకసారి అను."

ఆ గొంతు గుమ్మం దగ్గర నుంచి వచ్చింది. హోషియా మధ్యాహ్నానికే మిల్లు నుంచి వచ్చేశాడు. చొక్కా నిండా రంపపు పొట్టు, చేతిలో భోజనం డబ్బా.

"హోషియా, అది కాదు..."

"నాకు సరిగ్గా వినపడలేదు. ఇంకొకసారి అను. నా కూతుర్ని ఏమన్నావు?"

లువీనియా బల్ల మీద తడిమి సంచీ అందుకుంది. "నేను బయల్దేరతాను. మెర్లీన్, నన్ను ఇంటి దాకా దింపు. చెయ్యివ్వు. కాదు కాదు, ఇందాక కొట్టిన చెయ్యే ఇవ్వు, దానికి నేను బాగా అలవాటయ్యాను."

మెర్లీన్ తండ్రికేసి చూడకుండా ఆవిడ చెయ్యి పట్టుకుని పక్క నుంచి జారుకుంది. తలుపు పడింది.

హోషియా భోజనం డబ్బా నేల మీద పెట్టాడు. నెమ్మదిగా, పగిలే వస్తువుని పెట్టినట్టు.

"ఆ మాట రోజూ తింటాను నేను" అన్నాడు. "పొద్దున మిల్లు కూతతోనే మొదలుపెడతారు. పేరుతో పిలవడం కంటే అదే తేలిక వాళ్ళకి. సాయంత్రం దాకా అదే. అది వినపడని చోటు నాకు భూమ్మీద ఒక్కటే ఉంది. ఈ గడప. దాన్నీ తీసేశావు."

"నేను కావాలని అన్నానా? పిల్లని గట్టి చెయ్యాలిగా! ఎల్లుండి వాళ్ళంటారు."

"వాళ్ళంటే వాళ్ళ నోరు అది. నీ నోరు మన ఇంటిది."

"అయితే ఏం చెయ్యమంటావు? ఆపెయ్యమంటావా? వాళ్ళు చదివి పారేసిన పుస్తకాలేగా మన బడికొచ్చేవి! నీ కూతురి సైన్సు పుస్తకంలో మనిషి గుండె పాఠం లేదు. ఎవరో చింపుకుపోయారు. పాపం ఆ టీచరమ్మ బోర్డు మీద సుద్దతో గీసి చెప్పింది. అలాగే చదవమంటావా?"

"నేనొద్దన్నానా? బడి కాగితం మీద సంతకం పెట్టింది నేను కాదూ?"

"పెట్టావు. పెట్టి మిల్లుకి పోయావు. ఎలా పంపాలో, ఏం నేర్పి పంపాలో నా నెత్తిన పడేశావు. మూడు శనివారాలు అయింది ఈ కుర్చీ వేసి. ఒక్కసారైనా వచ్చి చూశావా?"

"చూడలేక రాలేదు."

"నేను చూడగలిగే చేస్తున్నాననుకున్నావా?"

అప్పుడు గానీ ఇద్దరికీ గుర్తు రాలేదు, పిల్ల ఇంకా కుర్చీలోనే ఉందని. మజ్జిగ చుక్కలు చుక్కలుగా నేల మీద పడుతున్నాయి.

"దాని మొహం చూడు" అన్నాడు హోషియా. గొంతు తగ్గిపోయింది. "చూడు, ఐడెల్లా. ఆ మొహం ఎవరిదో తెలుసా నీకు?"

ఐడెల్లాకి తెలిసిపోయింది. ఊళ్ళో కొట్టు దగ్గర ఏ తెల్లవాడైనా వెనక నుంచి "ఒరే" అని కేకేసినప్పుడు మొగుడి మొహం అలాగే అయిపోతుంది.

"నాన్న చేసినట్టే చేశానమ్మా" అంది జోనెల్. ఆ మధ్యాహ్నమంతటికీ అది నోరు విప్పడం అదే మొదలు. "పోయిన వేసవిలో నాన్న డబ్బా మర్చిపోతే నేను మిల్లుకి తీసుకెళ్ళలేదూ? అప్పుడు ఆ సూపర్‌వైజరు నాన్న మీద అరుస్తున్నాడు. పొగాకు నమిలి నాన్న బూటు మీద ఉమ్మాడు. నాన్న కదల్లేదు. మనిషి అక్కడే ఉన్నాడు గానీ లోపల లేడు. నేను కంచె అవతల నుంచి చూశాను. డబ్బా గేటు దగ్గర ముసలాయనకి ఇచ్చి వచ్చేశాను."

ఆ రోజు డబ్బా ఎవరు తెచ్చారో హోషియా అడిగాడు. "గేటు దగ్గర ఇచ్చి వచ్చాను నాన్నా" అని జోనెల్ అప్పుడు చెప్పింది. అంతకంటే ఒక్క ముక్క ఎక్కువ చెప్పలేదు.

హోషియా పెరటి తలుపు తీసుకుని బయటికి వెళ్ళి మెట్ల మీద కూర్చున్నాడు.

ఐడెల్లా కూతుర్ని తొట్టి దగ్గరికి తీసుకెళ్ళింది. జడలు విప్పింది. గోరువెచ్చటి నీళ్ళు పోసి, ఎంతోమంది తలలు రుద్దిన ఆ చేతులతోనే కూతురి తల రుద్దింది. కిటికీ తెరిచే ఉంది. మెట్ల మీద మొగుడి వీపు కనిపిస్తోంది.

"నేనలా అంటుంటే ఎక్కడికెళ్ళావే నువ్వు?"

"ఎక్కడికీ లేదు. తలుపేసుకున్నాను."

"మళ్ళీ ఆ తలుపు తీసుకోవడం వచ్చా?"

జోనెల్ నీళ్ళు కారుతున్న మొహం తిప్పి అడిగింది, "నాన్నకి వచ్చుగా?"

ఐడెల్లా చేతులు ఆగిపోయాయి. మిల్లు నుంచి రాగానే హోషియా ఇంట్లోకి రాడు. ఒక గంట ఆ మెట్ల మీదే కూర్చుంటాడు. అప్పుడు నాన్నని పలకరించకూడదని పిల్లలకి ఊహ తెలిసినప్పటి నుంచీ ఆమే చెప్పింది. అలిసిపోయి వస్తాడు కదా అనుకునేది. ఆ గంటసేపు మనిషి అక్కడ ఏం చేస్తున్నాడో ఇవాళ్టి దాకా ఆమెకి తట్టలేదు. కొన్ని రోజులు గంట చాలేది కాదు. ఆ రోజుల్లో అన్నం ముందు కూర్చున్నా పలికేవాడు కాదు.

"వచ్చులే" అంది చివరికి. అబద్ధమో నిజమో ఆమెకే తెలియలేదు.

ఆదివారం ఆ ఇంట్లో పళ్ళేల చప్పుడు తప్ప మరో చప్పుడు లేదు. చర్చిలో నలుగురూ ఒకే బల్ల మీద కూర్చున్నారు, నాలుగు ఊళ్ళ వాళ్ళలా. వేయించిన కోడీ మొక్కజొన్న రొట్టే అందరి పళ్ళేలలోనూ సగం సగం మిగిలిపోయాయి.

పొద్దువాలకుండానే పాస్టరు టిస్‌డేల్ వచ్చాడు. ముందు గదిలో కూర్చుని, కోటు జేబులోంచి కాగితం తీసి మోకాలి మీద పరుచుకున్నాడు.

"రేపు ఏడున్నరకి చర్చి పెద్దలు నలుగురు వచ్చి పిల్లల్ని వెంటబెట్టుకుని తీసుకెళ్తారు. ఈ కాగితం ఇవాళే నేను బడి ఆఫీసులో మనిషికి అందజెయ్యాలి. ఇద్దరి పేర్లూ ఉంచెయ్యనా?"

"మెర్లీన్ పేరు కొట్టెయ్యండి" అంది ఐడెల్లా.

మెర్లీన్ తలుపు చాటు నుంచి దూసుకొచ్చింది. "నన్నెందుకు కొట్టేస్తారు?"

"నీకు చెయ్యి ఆగదు."

"నేర్చుకుంటాను!"

"రేపు పొద్దున్నకా?"

"నేను పనికిరాను, ఇది పనికొస్తుందా? దీనికి నోరే లేదు! నోరు లేనిదాన్ని ఒక్కదాన్నే అంతమంది మధ్యలోకి పంపుతారా? అమ్మా, నాకు వెళ్ళాలనుంది. చిన్నప్పటి నుంచీ ఆ బడి ముందు నుంచే మన బడికి నడిచి పోతున్నాను. ఒక్కసారి లోపలికి వెళ్ళాలనుంది."

"గొంతు తగ్గించు. పాస్టరు గారున్నారు."

"ఉండనీ! దేవుడున్నా ఇదే అంటాను!"

పాస్టరు గొంతు సవరించుకున్నాడు. "ఆయన రోజూ వింటూనే ఉన్నాడమ్మా. నువ్వు కూర్చో."

అప్పటిదాకా గోడకి ఆనుకుని నిలబడ్డ హోషియా కదిలాడు. "చిన్నదాన్ని ఎవరైనా అడిగారా?"

పాస్టరు ఐడెల్లాకేసి చూశాడు.

"సంతకం పెట్టింది నేను. కుర్చీ వేసింది మీ అమ్మ. కోర్టు వాళ్ళు చెప్పారు, చర్చి వాళ్ళు చెప్పారు. దాన్ని అడిగిందెవరు?"

పాస్టరు కలం మూత పెట్టి, పిల్ల వైపు తిరిగాడు. "జోనెల్, చెప్పమ్మా. ఏమంటావు?"

జోనెల్ సోఫా చివర కూర్చుని ఉంది. నిన్న తల రుద్దాక తల్లి వేసిన కొత్త జడలు బిగుతుగా ఉన్నాయి.

"నాకు వెళ్ళాలని లేదు" అంది.

ఐడెల్లా పిల్లకేసి చూసింది. మూడు శనివారాలు. కుమ్మరించిన మజ్జిగ. నోటికి అంటుకున్న ఆ మాట. ఇదంతా ఎవరి కోసం చేసినట్టు?

పాస్టరు నిట్టూర్చి కాగితం మడవబోయాడు.

"వెళ్ళాలని లేదన్నానండీ. వెళ్ళనని అనలేదు" అంది జోనెల్. "అందరూ మానేశారుగా. నేనూ మానేస్తే ఇంక ఎవరూ ఉండరు."

మడవబోయిన కాగితం అక్కడే ఆగింది. మెర్లీన్ చెల్లెల్ని మొదటిసారి చూస్తున్నట్టు చూసింది.

"కానీ నాన్న రావాలి" అంది జోనెల్ మళ్ళీ. "చర్చి పెద్దలు వద్దు. నాన్నే రావాలి."

ఆ మాటకి పెద్దవాళ్ళు ముగ్గురూ ఒకరి మొహాలొకరు చూసుకున్నారు. మిల్లులో పనిచేసే ఏ నల్లవాడైనా సోమవారం నాడు ఆ బడి మెట్ల దగ్గర కనిపిస్తే, మళ్ళీ మిల్లు గేటు మొహం చూడక్కర్లేదని సూపర్‌వైజరు శుక్రవారమే అందరినీ నిలబెట్టి చెప్పాడు. కాగితం అడుగున పిల్లని దిగబెట్టే మనిషి పేరు రాయడానికి ఒక గీత ఉంది. మిగతా పిల్లల ఇళ్ళవాళ్ళు తమ కాగితాల్లో దాన్ని ఖాళీగానే వదిలారు. బడి ఆఫీసుకి వెళ్ళిన పేరు మిల్లు ఆఫీసుకి వెళ్ళడానికి గంట పట్టదని అందరికీ తెలుసు.

"కలం ఇలా ఇవ్వండి" అన్నాడు హోషియా.

"మతి పోయిందా నీకు?" ఐడెల్లా అడ్డం వచ్చింది. "పెద్దలు నలుగురు వెళ్తున్నారుగా! నువ్వే వెళ్ళాలా? పదిహేడేళ్ళు నోరు మూసుకుని నెట్టుకొచ్చావు. ఈ ఒక్కరోజు ఆగలేవా?"

"నిన్న నువ్వే అడిగావుగా, ఒక్కసారైనా వచ్చి చూశావా అని."

"అది కోపంలో అన్నాను!"

"నిజమే అన్నావు." హోషియా ఆమె చెయ్యి మెల్లిగా తప్పించాడు. "నువ్వు దాని తల రుద్దుతున్నప్పుడు కిటికీ తెరిచే ఉంది, ఐడెల్లా. నేను తలుపేసుకోవడం చూసి అది నేర్చుకుంది. తీసుకోవడం కూడా నా దగ్గర ఒక్కసారైనా చూడొద్దూ? నాకు వచ్చో రాదో నాకే తెలీదు. కానీ ప్రయత్నం చెయ్యాలి."

గోడకి కాగితం ఆనించి, గీత మీద తన పేరు పూర్తిగా రాశాడు. హోషియా ఎలైజా మెకీవర్. మిల్లులో ఆ పేరుతో అతన్ని పిలిచినవాళ్ళు లేరు. పాస్టరు మెర్లీన్ పేరు కొట్టేసి, సిరా ఆరేదాకా ఊది, కాగితం జేబులో పెట్టుకుని వెళ్ళిపోయాడు.

సోమవారం పొద్దున హోషియా చర్చికి వేసుకునే సూటు వేసుకున్నాడు. జోనెల్‌కి నీలం గీతల గౌను, తెల్ల మేజోళ్ళు. ఐడెల్లా కూతురి కాలరు మూడుసార్లు సరిచేసింది. నాలుగోసారి చెయ్యి చాపితే జోనెల్ ఆ చెయ్యి పట్టుకుని కిందికి దించింది.

"బానే ఉందమ్మా."

ఐడెల్లా ఆ చెయ్యి వెనక్కి తీసుకోలేదు. "శనివారం నేనన్న మాట..."

"నువ్వు కాదుగా అమ్మా అన్నది" అంది జోనెల్. సంచీ అందుకుని, "కానీ మళ్ళీ అనకు" అంది.

మెర్లీన్ గదిలోంచి రాలేదు. రాత్రి నుంచీ ఎవరితోనూ మాట్లాడలేదు. తలుపు తట్టినా పలకలేదు.

వీధిలో ఇరువైపులా వసారాల మీద జనం నిలబడ్డారు. ఎవరూ చెయ్యి ఊపలేదు, ఎవరూ కేక వెయ్యలేదు. ఒక ముసలాయన మాత్రం టోపీ తీసి గుండెకి ఆనించుకున్నాడు. అది దీవెనో, సానుభూతో ఐడెల్లాకి తెలియలేదు. ఆమె గేటు దగ్గరే నిలబడిపోయింది. తల్లులు రావద్దని పెద్దల మాట. తల్లిని చూస్తే పిల్ల నిబ్బరం చెదురుతుందట.

వీధి చివర దారి రెండుగా చీలుతుంది. ఎడమకి వెళ్తే మిల్లు, కుడికి వెళ్తే ఆ బడి. తండ్రీ కూతుళ్ళు అక్కడికి చేరేసరికి మిల్లు కూత మొదలైంది. ఆ కూత వినపడేసరికి హోషియా గేటు లోపల ఉండకపోవడం ఈ పదిహేడేళ్ళలో ఇదే మొదటిసారి. అతను ఆగిపోయాడు. కాళ్ళకి మనిషి కంటే ముందే దారి తెలుసేమో, ఒక అడుగు ఎడమకే పడింది.

గేటు దగ్గర ఐడెల్లా మడమలెత్తి చూసింది.

జోనెల్ తండ్రిని లాగలేదు. మాట్లాడించలేదు. పక్కన నిలబడి ఎదురుచూసింది. కూత సాగి సాగి ఆగింది. హోషియా వంగి కూతురితో ఏదో అన్నాడు. ఏమన్నాడో ఇంత దూరానికి వినపడలేదు. పిల్ల తలూపింది. ఇద్దరూ కుడి వైపు తిరిగారు.

సరిగ్గా అప్పుడే ఇంటి పక్క సందులోంచి మెర్లీన్ బయటికొచ్చింది. కిటికీలోంచి దిగినట్టుంది, ఒక మోకాలు చెక్కుకుపోయింది. ఇస్త్రీ చేసిన గౌను, మెరుగు పెట్టిన బూట్లు, భుజాన పుస్తకాల సంచీ.

"మెర్లీన్! నీ పేరు లేదే కాగితంలో!"

మెర్లీన్ తల్లి వైపు తిరగలేదు. చేతులు రెండూ వెనక్కి పెట్టుకుని, ఒక చేత్తో రెండో మణికట్టుని గట్టిగా పట్టుకుని, వీధి మధ్యలో నడుచుకుంటూ వాళ్ళ వెనకే బయల్దేరింది. ఇరవై అడుగుల దూరంలో.

ఇంకొక్క కేక వేస్తే హోషియాకి వినపడుతుంది. అతను ఆగుతాడు, వెనక్కి తిరుగుతాడు, పెద్దదాన్ని పంపించేస్తాడు. వసారాల మీది జనమంతా ఐడెల్లాకేసే చూస్తున్నారు.

ఆమె గేటు గొళ్ళెం మీద చెయ్యి వేసింది. నోరు తెరిచింది.

మలుపు తిరుగుతూ మెర్లీన్ మణికట్టు పట్టు ఇంకాస్త బిగించింది.

ఐడెల్లా కేక వెయ్యలేదు. గొళ్ళెం తీసి, వాళ్ళ వెనకే వీధిలోకి అడుగుపెట్టింది.